9,000కే స్కానర్ సాఫ్ట్‌వేర్ అంటే చవకేనా?

ప్రశ్న: విజయనగరంలో చిన్న కార్ల షెడ్డు నడుపుతున్నాను సార్. బండిలో లోపమెక్కడుందో చెప్పే, అన్ని కంపెనీల బండ్లకూ పనికొచ్చే స్కానర్ లైసెన్సుతో కలిపి 1,10,000 చెబుతున్నారు. రెండో ఏడాది నుంచి అప్‌డేట్‌కి 18,000. అలాంటి సాఫ్ట్‌వేరే క్రాక్ చేసి, అంటే లైసెన్సు కొనకుండానే నడిచేలా మార్చి, లాప్‌టాప్‌లో వేసిస్తానని ఒకతను 9,000 అడుగుతున్నాడు. నా చేతిలో 60,000 ఉంది. క్రాక్‌తో కానిచ్చేయనా, మిగతాదానికి డైలీ ఫైనాన్స్ తీసుకోనా?

జవాబు: రెండూ వద్దు.

క్రాక్ వేసేవాడు ముందు యాంటీవైరస్ ఆపమంటాడు. మీ బ్యాంకు, జీఎస్టీ పాస్‌వర్డ్‌లున్నది కూడా ఆ లాప్‌టాప్‌లోనే అయితే ఇంటి తాళంచెవి ముక్కూమొహం తెలియనివాడికి ఇచ్చినట్టే. స్టీరింగ్ కింద 16 పిన్నుల సాకెట్‌కు తగిలించి లోపాల కోడ్ చదివినంతవరకు బండికి పెద్దగా ఏమీ కాదు. ఈసీఎంలో, అంటే ఇంజిన్‌ను నడిపించే కంప్యూటర్‌లో, ప్రోగ్రామ్ తిరగరాస్తుండగా ఆ క్రాక్ సాఫ్ట్‌వేర్ మధ్యలో ఆగిందా, బండి షెడ్డులోంచి కదలకపోవచ్చు. ఓనరు మిమ్మల్నే పట్టుకుంటాడు. మీరు ఎవరికి ఫోన్ చేస్తారు?

కాపీరైట్ చట్టం 63బి ప్రకారం దొంగ సాఫ్ట్‌వేర్ అని తెలిసి వాడితే 7 రోజుల నుంచి 3 ఏళ్ల వరకు జైలు, 50,000 నుంచి 2 లక్షల దాకా జరిమానా. రేపే మీ షెడ్డుకు పోలీసులొస్తారని భయపెట్టను. కానీ సంపాదనకు వాడలేదని చెప్పి శిక్ష తగ్గించుకునే వెసులుబాటు మీకు లేదు.

ఇక డైలీ ఫైనాన్స్. 50,000 తీసుకుని రోజుకు 500 చొప్పున 120 రోజులు కడితే వడ్డీ 10,000. నూటికి 20యే కదా అనిపిస్తుంది. అసలు రోజూ తగ్గుతోంది, గడువు నాలుగు నెలలే. ఏడాది లెక్కన అది నూటికి 100 దాటిపోతుంది.

అసలు అంత స్కానర్ మీకు కావాలా? బిల్లు పుస్తకం తీసి, స్కానింగ్ లేక బయటికి పంపేసిన బండ్లెన్నో చూడండి. పైడితల్లమ్మ పండగకీ సంక్రాంతికీ బయటూళ్ల బండ్లొచ్చే నెలలు పక్కనపెట్టండి, మామూలు నెలలే చూడండి. నెలకు పది బండ్లు, బండికి 500 మిగిలితే ఏడాదికి 60,000. రెండేళ్లలో పెట్టేది 1,28,000, వచ్చేది 1,20,000. మూడో ఏడాది నుంచి లాభమే, కొనండి. ఐదు బండ్లేనా? ఏడాదికి 30,000 వస్తే అందులో 18,000 అప్‌డేటే తినేస్తుంది. అప్పుడు మీ దగ్గరికి ఎక్కువగా వచ్చే రెండు మూడు కంపెనీల బండ్లకు సరిపోయే చిన్న స్కానర్, అసలైన లైసెన్సుతో, తీసుకోండి. పెద్ద పనులు ఇప్పటిలాగే బయటికి పంపండి.

పెద్దదే కొనాల్సి వస్తే 60,000 మొత్తం ఊడ్చిపెట్టకండి. షెడ్డు అద్దెకీ కుర్రాళ్ల జీతాలకీ 25,000 ఉంచుకుని, మిగతాదానికి ముద్ర లోన్ అడగండి. 50,000 దాటితే 5 లక్షల వరకు ముద్రలోనే కిశోర్ అనే రకం కిందికి వస్తుంది, తాకట్టు అక్కర్లేదు. డీలర్ ఇచ్చిన కొటేషన్, ఉద్యమ్ (చిన్న వ్యాపారాల రిజిస్ట్రేషన్) సర్టిఫికెట్ పట్టుకుని మీ ఖాతా ఉన్న బ్యాంకుకే వెళ్లండి. ఉద్యమ్ రిజిస్ట్రేషన్‌కు ఫీజు లేదు, ఎవరైనా అడిగితే ఇవ్వకండి. మీరు కాంపొజిషన్‌లో (చిన్న వ్యాపారులు అమ్మకాల మీద ఇంత శాతమని పన్ను కట్టే పద్ధతి) కాకుండా మామూలు జీఎస్టీలో ఉంటే, స్కానర్ మీద కట్టిన పన్ను క్రెడిట్‌గా తిరిగొస్తుంది. క్రాక్ వేసేవాడు బిల్లే ఇవ్వడు.

అడ్వాన్సు ఇచ్చే ముందు డీలర్‌ను ఒక్కటి అడగండి: ఏదైనా ఏడాది అప్‌డేట్ డబ్బు కట్టకపోతే స్కానర్ పాత వెర్షన్‌తో నడుస్తుందా, పూర్తిగా ఆగిపోతుందా? జవాబు కొటేషన్ మీదే రాయించుకోండి. రాయనంటే ఇంకో డీలర్‌ను చూసుకోండి.