మణికట్టు విరిగిన డప్పు కళాకారుడు మళ్లీ సిర్ర పట్టాలంటే

బండి మీంచి పడి మీ తమ్ముడి కుడి మణికట్టు విరిగిందని, పిండికట్టు విప్పి రెండు వారాలైనా సిర్ర (డప్పు మీద కుడిచేత్తో కొట్టే పుల్ల) జారిపోతోందని, బతుకమ్మ ప్రోగ్రాంలు ఒప్పుకోవచ్చా అని అడిగారు. ఈ ఏడు ఒప్పుకోవద్దండీ. ఎముక సరిగ్గా అతుక్కుంటే చాలామంది మళ్లీ వాయిస్తారు. కాకపోతే పాత పట్టు రావడానికి ఆరు నెలలు పట్టడం మామూలే.

కట్టులో ఉన్నన్నాళ్లూ ముంజేతి కండ కరుగుతుంది, వేళ్లు బిగుసుకుంటాయి. అందుకే పట్టు జారుతుంది. అది కప్పిపుచ్చడానికి భుజంతో కొట్టడం మొదలుపెడితే మోచేయి, భుజం కూడా పట్టేస్తాయి. ముందు గోరువెచ్చటి నీళ్లలో పది నిమిషాలు చెయ్యి ఉంచి, పిడికిలి ముడిచి తెరవాలి, మణికట్టు పైకీ కిందికీ ఆడించాలి. మోచేతిని ఒంటి పక్కకు ఆనించి అరచేతిని పైకీ కిందికీ తిప్పాలి. ఒక్కోటి పదిసార్లు, రోజుకు మూడు పూటలు. అరచెయ్యి పైకి తిరగడం అన్నిటికన్నా ఆలస్యంగా వస్తుంది, కంగారుపడొద్దు. తడి టవల్ పిండడం, బరువులు ఎత్తడం మాత్రం ఎక్స్‌రే చూసి డాక్టర్ సరేనన్నాకే.

వాయించడానికీ డాక్టర్ ఒప్పుకున్నాక, సిర్ర పట్టుకునే చోట గుడ్డపేలిక చుట్టి లావు చేయండి, తక్కువ బలంతో నిలుస్తుంది. డప్పు మంట దగ్గర బాగా కాచి ఇవ్వండి. ఇది చాలామంది పట్టించుకోరు. వానాకాలం తోలు మెత్తబడితే పుల్ల ఎగిరి రాదు, ప్రతి దెబ్బకూ మణికట్టే లేపాల్సి వస్తుంది. ఫైబర్ డప్పు దొరికితే ఇంకా నయం. నెమ్మదైన దరువు ఐదు నిమిషాలు చాలు. మర్నాడు పొద్దున వాపు, నొప్పి లేకపోతేనే ఇంకో రెండు నిమిషాలు పెంచండి.

నూనె పోసి మెలితిప్పి మర్దన చేయించొద్దు. చెయ్యి మంటపుట్టి, ఉబ్బి, చర్మం రంగు మారినా, మొదటి మూడు వేళ్లు తిమ్మిరెక్కినా వెంటనే ఎముకల డాక్టర్‌కు చూపించాలి. బొటనవేలు ఉన్నట్టుండి పైకి లేవకపోతే దాన్ని లేపే టెండన్ (కండను ఎముకకు కలిపే తాడు లాంటిది) తెగి ఉండొచ్చు, ఆ ఒక్కటీ నొప్పి లేకుండానే జరగొచ్చు.

ఎడమచెయ్యి బాగానే ఉంది కదా, ఆ చేత్తో పట్టే సన్నటి సిటికెన పుల్లతో ఒంటిచేతి సాధన, అడుగులు, పిల్లలకు దరువులు నోటితో నేర్పడం ఇప్పుడే మొదలుపెట్టొచ్చు. బతుకమ్మకు టీమ్‌తో పంపండి, అడుగులు నడిపిస్తాడు. సిర్ర మాత్రం ఇంట్లోనే ఉంచండి. దరువు ఊపందుకుంటే చేతిలో ఉన్నదాన్ని ఆపుకోవడం కష్టం.