కోర్లా పండిట్ నిజంగా భారతీయుడేనా?

కాదు. 1949లో లాస్ ఏంజిల్స్ కేటీఎల్ఏ ఛానల్‌లో తలపాగా, దాని మధ్యలో మెరిసే రత్నంతో ఆర్గాన్ వాయించిన ఈయన అసలు పేరు జాన్ రోలాండ్ రెడ్. 1921లో మిస్సోరీలో పుట్టిన నల్లజాతి అమెరికన్, తండ్రి బాప్టిస్ట్ పాస్టర్. ఢిల్లీ బ్రాహ్మణ తండ్రికీ, ఫ్రెంచ్ తల్లికీ పుట్టానని ప్రచారం చేసుకున్నారు.

ఎందుకంటే అప్పట్లో అక్కడి సంగీతకారుల యూనియన్లు తెల్లవారికి ఒకటి, నల్లవారికి ఒకటిగా విడిపోయి ఉండేవి. మంచి పనులన్నీ తెల్లవారి యూనియన్‌కే దక్కేవి. అందుకే మొదట 'హువాన్ రొలాండో' అనే మెక్సికన్ పేరుతో వాయించారు. తర్వాత పండిట్ అవతారం ఎత్తారు.

కార్యక్రమం పావుగంట, ప్రత్యక్ష ప్రసారం. ఆయన ఒక్క మాటా మాట్లాడరు, కెమెరాకేసి చూస్తూ వాయిస్తారంతే. ఒక చేయి హామండ్ ఆర్గాన్ మీద, రెండోది పియానో మీద. ఆర్గాన్ మెట్లను ఠక్కున కొట్టి వదిలి డప్పు మోత కూడా పలికించేవారు. వేషం సంగతి ఎలా ఉన్నా, ఆ పనితనం మాత్రం అసలు సిసలుది. ఇదే ఛానల్‌లో 'టైమ్ ఫర్ బీనీ' అనే తోలుబొమ్మల షోకీ ఆయనే సంగీతం ఇచ్చారు.

తర్వాత స్నేడర్ సంస్థకు పొట్టి సంగీత చిత్రాలు చేశారు. ఒప్పందం దగ్గర చెడి బయటికి వచ్చేస్తే, ఆ చోటు లిబరాచీ అనే పియానో వాద్యకారుడికి దక్కింది. లిబరాచీ పెద్ద స్టార్ అయ్యారు. పండిట్ కచేరీలు, రికార్డులతో నెట్టుకొచ్చారు.

1998లో చనిపోయేదాకా గుట్టు విప్పలేదు. 2001లో ఒక లాస్ ఏంజిల్స్ పత్రిక కథనంతో అసలు విషయం లోకానికి తెలిసింది.