సిగ్నల్ దగ్గర ఆగే ఇంజన్: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

కారు ఆగగానే ఇంజన్ తనంతట తాను ఆగి, మళ్లీ కదలబోతుంటే తనే లేచే ఏర్పాటు (ఆటో స్టార్ట్-స్టాప్) ఇప్పుడు చిన్న కార్లలోకీ వచ్చేసింది. దాని గురించి వచ్చిన ప్రశ్నలకే ఈసారి శీర్షికంతా ఇస్తున్నాం.

ప్రశ్న: కారు కొని ఆరు నెలలైంది. చలికాలంలో ప్రతి సిగ్నల్ దగ్గరా ఇంజన్ ఆగేది. మార్చి నుంచి అసలు ఆగడం లేదు. షోరూంలో చూపిస్తే ఏ లోపమూ లేదంటున్నారు. నమ్మవచ్చా? (ఏలూరు)

నమ్మవచ్చు. ఎండాకాలంలో ఇది మామూలే, కారణం ఏసీ. చాలా కార్లలో ఏసీ కంప్రెసర్‌ను తిప్పేది ఇంజన్ బెల్టే. ఇంజన్ ఆగితే కంప్రెసరూ ఆగుతుంది, బ్లోయరు మాత్రమే తిరుగుతుంది, నిమిషంలోపే లోపల ఉక్కపోత మొదలవుతుంది. అందుకే మీరు పెట్టుకున్న చల్లదనానికీ లోపలి వేడికీ తేడా ఎక్కువగా ఉన్నంతసేపు కంప్యూటరు ఇంజన్‌ను ఆపదు. ఏసీని 18లో పెట్టి, ఎండలో నిలబెట్టిన కారు తీస్తే ఊరు దాటేదాకా ఆగకపోవచ్చు. 24, 25లో పెట్టి చూడండి. ఆటోమేటిక్ ఏసీ ఉన్న కార్లలో తేడా బాగా తెలుస్తుంది.

ఇంజన్ ఆగకపోవడానికి ఇంకొన్ని కారణాలున్నాయి: ఇంజన్ ఇంకా వేడెక్కకపోవడం, డ్రైవరు సీటు బెల్టు పెట్టుకోకపోవడం, తలుపో బానెట్టో సరిగా పడకపోవడం, ముందు అద్దం మీది ఆవిరి తీసే డీఫాగర్ వేసి ఉండడం, రోడ్డు బాగా ఏటవాలుగా ఉండడం, స్టీరింగ్ బాగా తిప్పి ఉండడం. డీజిల్ కారైతే పొగగొట్టంలోని ఫిల్టర్ మసిని కాల్చుకుంటున్నప్పుడు కూడా ఆగదు. ఒకసారి ఆగి లేచాక కొంత వేగం అందుకుంటేనే మళ్లీ ఆగుతుంది. ట్రాఫిక్‌లో అడుగు అడుగు జరిగేటప్పుడు పనిచేయకపోవడానికి కారణం అదే.

పరీక్ష సులువు. తెల్లవారుజామున ఏసీ ఆపేసి పావుగంట, ఇరవై నిమిషాలు నడపండి. చదునైన చోట ఆపండి. మాన్యువల్ కారైతే న్యూట్రల్ చేసి క్లచ్ మీద నుంచి కాలు పూర్తిగా తీయండి. సగం తొక్కి ఉంచితే ఆగదు. ఆటోమేటిక్ అయితే గేరు డీలోనే ఉంచి బ్రేకు గట్టిగా తొక్కి పట్టుకోండి. అప్పుడు ఆగితే మీ కారులో ఏ లోపమూ లేదు. ఆగకపోతే కింది జవాబు మీకూ వర్తిస్తుంది.

ప్రశ్న: మూడేళ్ల కారు. ఏసీ ఆపినా ఇంజన్ ఆగడం లేదు. సెల్ఫ్ ఒక్క దెబ్బకే అందుకుంటోంది కాబట్టి బ్యాటరీ బాగానే ఉందని మెకానిక్ అంటున్నారు. మరి లోపం ఎక్కడ? (నల్గొండ)

ఎక్కువ అనుమానం బ్యాటరీ మీదే. సెల్ఫ్ అందుకోవడం వేరు, ఈ పనికి పనికిరావడం వేరు. పొద్దున ఒక్కసారి ఇంజన్ లేపడానికి సగం చార్జీ ఉన్న బ్యాటరీ కూడా చాలు. కానీ సిగ్నల్ దగ్గర ఇంజన్ ఆగినప్పుడు లైట్లు, బ్లోయరు, మ్యూజిక్, ఫ్యాను అన్నీ బ్యాటరీ మీదే నడవాలి, ఆపైన అదే బ్యాటరీ ఇంజన్‌నూ లేపాలి. నడిరోడ్డు మీద లేవకపోతే ప్రమాదం కాబట్టి కంప్యూటరు చాలా ముందుగానే జాగ్రత్తపడి ఇంజన్‌ను ఆపడం మానేస్తుంది. నిజానికి ఇది మీకు అందుతున్న ముందస్తు హెచ్చరిక. బ్యాటరీ పూర్తిగా చచ్చిపోవడానికి చాలా ముందే వస్తుంది కాబట్టి విలువైనది.

రాత్రంతా కారు కదపకుండా ఉంచి, పొద్దున ఏదీ ఆన్ చేయకముందే మల్టీమీటరుతో బ్యాటరీ రెండు టెర్మినళ్ల మధ్య వోల్టేజి చూడండి. 12.6, ఆ పైన ఉంటే నిండుగా ఉన్నట్టు. 12.4 అంటే ముప్పాతిక. 12.2 అంటే సగం. అక్కడ ఈ వ్యవస్థ పనిచేస్తుందని ఆశించకండి. ఆ తర్వాత ఎవరినైనా సెల్ఫ్ కొట్టమని మీటరు చూస్తూ ఉండండి. నిండుగా ఉన్న బ్యాటరీ కూడా సెల్ఫ్ తిరిగేటప్పుడు 9.6 కన్నా కిందికి జారితే లోపలి ప్లేట్లు అరిగాయని అనుమానించి, బ్యాటరీ షాపులో లోడ్ టెస్ట్ చేయించండి.

ఇంకో సంగతి మెకానిక్‌కు కూడా చెప్పండి. ఇలాంటి కార్లలో చాలావాటిలో డైనమో ఎప్పుడూ ఒకే వోల్టేజి ఇవ్వదు. ఎక్స్‌లేటర్ తొక్కినప్పుడు ఇంజన్ మీద బరువు తగ్గించడానికి చార్జింగ్ తగ్గిస్తుంది, కాలు తీసి బండి దొర్లుతున్నప్పుడు పెంచుతుంది. ఇంజన్ నడుస్తుండగా మీటరు ఒకసారి 12.7 చూపించి కాసేపటికి 14.7 చూపిస్తే, డైనమో పోయిందని విప్పేయనక్కర్లేదు.

బ్యాటరీ అరగకుండానే చార్జీ తక్కువగా ఉండడానికి పెద్ద కారణం చిన్న ప్రయాణాలు. రోజూ రెండు మూడు కిలోమీటర్లు వెళ్లి ఆపేస్తే సెల్ఫ్ తిన్నది కూడా తిరిగి నిండదు. వారానికి ఒకసారి గంటసేపు హైవే మీద నడపండి, లేదా చార్జరు పెట్టించండి. ఏజీఎం బ్యాటరీ (యాసిడ్ గాజునారలో ఇంకి ఉండే సీల్డ్ రకం) అయితే చార్జరు 14.8 వోల్టులు దాటకూడదు. దాటితే లోపలి నీరు ఆవిరవుతుంది, మూతలు ఉండవు కాబట్టి మళ్లీ పోసే దారి లేదు. పాతకాలపు చార్జరు ఉన్న షాపులో ఇవ్వకండి.

నెగెటివ్ టెర్మినల్‌ను ఒకసారి దగ్గరగా చూడండి. వైరు బిగించే క్లాంపు మీదే అగ్గిపెట్టె కన్నా చిన్న నల్లటి ముక్క, దానికి సన్నటి వైర్ల కనెక్టరు కనిపిస్తే అది బ్యాటరీ సెన్సరు. బ్యాటరీలోకి ఎంత పోతోంది, ఎంత వస్తోంది అని లెక్క రాసేది అదే. బయట షాపులో డ్యాష్‌క్యామో ఆంప్లిఫయరో పెట్టినవారు ఎర్త్ వైరును నేరుగా బ్యాటరీ నెగెటివ్ బొడిపెకు బిగిస్తే ఆ కరెంటు సెన్సరు గుండా వెళ్లదు, లెక్క తప్పుతుంది. ఎర్త్ వైరు ఎప్పుడూ బాడీకే బిగించాలి. చార్జరు పెట్టేటప్పుడూ, వేరే కారు నుంచి జంపర్ కేబుళ్లు వేసేటప్పుడూ ఇదే నియమం: పాజిటివ్ పాజిటివ్‌కు, నెగెటివ్ మాత్రం బాడీ మీదో ఇంజన్ మీదో రంగులేని ఇనుముకు.

మార్చాల్సి వస్తే మామూలు బ్యాటరీ వేయకండి. పాతదాని మీద ఈఎఫ్‌బీ (మామూలు రకాన్నే బలపరిచి చేసినది) అని ఉంటే ఈఎఫ్‌బీయే, ఏజీఎం అని ఉంటే ఏజీఎమే కొనండి, ఆంపియర్ అవర్లు (బ్యాటరీ సామర్థ్యం) కూడా అంతే ఉండాలి. ధర ఎక్కువే, కానీ మామూలు బ్యాటరీ రోజుకు ఇన్నిసార్లు చార్జీ దిగి ఎక్కడానికి తయారైంది కాదు, త్వరగా పోతుంది. ఫోక్స్‌వ్యాగన్, స్కోడా, బీఎండబ్ల్యూ వంటి కార్లలో చాలావాటికి కొత్త బ్యాటరీ పెట్టినట్టు స్కానరుతో నమోదు చేయాలి, లేకపోతే పాత బ్యాటరీకి చేసినట్టే చార్జింగ్ చేస్తుంది. హ్యుందయ్, కియా వంటివాటిలో బ్యాటరీ విప్పి పెట్టాక ఇంజన్ ఆపి నాలుగు గంటలైనా ఉంచితే సెన్సరు లెక్క సరిచేసుకుంటుంది. అంతవరకు వ్యవస్థ పనిచేయకపోతే కంగారు పడకండి.

ప్రశ్న: నాకీ వ్యవస్థ నచ్చలేదు. కారు ఎక్కిన ప్రతిసారీ బటన్ నొక్కి ఆపాల్సి వస్తోంది. శాశ్వతంగా తీసేయడానికి ఏదో కనెక్టరు పీకితే చాలంటున్నారు. చేయవచ్చా? (విశాఖపట్నం)

బటన్ ప్రతిసారీ మొదటికి రావడం కంపెనీ కావాలని చేసిందే. కారుకు ప్రకటించే మైలేజీ, పొగ పరీక్షలు ఈ వ్యవస్థ పనిచేస్తుండగా జరిగినవి. ఆ పరీక్షలో బండి నిలబడి ఉండే సమయం కూడా ఉంటుంది. కాబట్టి ఎప్పటికీ ఆపేసే వీలు చాలా కంపెనీలు ఇవ్వవు.

కనెక్టరు పీకడం మాత్రం వద్దు. బానెట్ స్విచ్ పీకితే బానెట్ తెరిచే ఉందనుకొని కారు ఇంజన్‌ను ఆపదు, నిజమే. కానీ దొంగల అలారం, రిమోట్ స్టార్ట్ కూడా ఆ స్విచ్ మీదే ఆధారపడతాయి. నడుస్తుండగా బానెట్ నిజంగా లేస్తే హెచ్చరిక కూడా రాదు. బ్యాటరీ సెన్సరు పీకడం ఇంకా చెడ్డది. చార్జింగ్‌కు ఆధారమైన లెక్కే పోతుంది, బ్యాటరీకి అతిగానో తక్కువగానో ఎక్కుతుంది. ఒక బటన్ నొక్కే శ్రమ తప్పించుకోవడానికి బ్యాటరీ ఆయువు పణంగా పెట్టినట్టే.

ఆన్‌లైన్‌లో ఒక చిన్న మాడ్యూల్ దొరుకుతుంది. బటన్ కనెక్టరుకూ వైరింగ్‌కూ మధ్యలో పెడితే, కారు స్టార్ట్ చేయగానే మీ బదులు అదే బటన్ నొక్కుతుంది, లేదా కిందటిసారి మీరు ఉంచిన స్థితిని గుర్తుంచుకుంటుంది. వైరు కోయాల్సిన పని లేని, మీ మోడల్‌కే తయారైన రకమైతే వీటన్నిటిలో ఇదే నయం. సర్వీసుకు ఇచ్చే ముందు తీసి పెట్టుకోవచ్చు. వైరు కోసి అతికించే రకం వేయిస్తే వైరింగ్ వారంటీ మీద వివాదం వస్తుంది. కొన్ని యూరప్ కార్లలో స్కానరుతో కోడింగ్ మార్చి ఆపుతారు. అది తెలిసినవాళ్లే చేయాలి, మార్చకముందు పాత విలువ రాసి పెట్టుకోవాలి. సర్వీసులో సాఫ్ట్‌వేర్ కొత్తది ఎక్కిస్తే మళ్లీ మొదటికి రావచ్చు.

మీది ఆటోమేటిక్ అయితే ముందు ఇది అలవాటు చేసుకోండి. చాలా కార్లలో బ్రేకు లేతగా, బండి కదలకుండా ఉండేంత మాత్రమే తొక్కితే ఇంజన్ ఆగదు. కాస్త గట్టిగా నొక్కితేనే ఆగుతుంది. అంగుళం అంగుళం జరిగే ట్రాఫిక్‌లో లేతగా, రెండు నిమిషాల సిగ్నల్ దగ్గర గట్టిగా. వారం రోజుల్లో కాలికి అలవాటవుతుంది, చాలామందికి బటన్‌తో పనే ఉండదు.

ప్రశ్న: మా పికప్ ట్రక్కులో ఆఫ్ బటన్ కనిపించలేదు. వేరే దారి ఉందా? (డాలస్, అమెరికా)

అక్కడ అమ్మే కొన్ని మోడళ్లకు బటన్ లేదు. గేరును మాన్యువల్ లేదా ఎల్ స్థానంలో పెట్టి పై గేరును ఎంచుకుంటే కొన్నింటిలో ఇంజన్ ఆగదు. బరువు లాగేటప్పుడు వేసే టో మోడ్, స్పోర్ట్ మోడ్ వేసినా చాలావాటిలో ఆగదు. ట్రక్కుతో వచ్చిన మాన్యువల్ పుస్తకంలో ‘ఆటో స్టాప్’ పేజీ కింద ఈ షరతులు రాసి ఉంటాయి.

ప్రశ్న: ఇంతకీ దీనివల్ల మిగిలేదెంత? ఇన్నిసార్లు కొడితే సెల్ఫ్ మోటారు అరిగిపోదా? (కరీంనగర్)

1.2 లీటర్ల పెట్రోలు ఇంజన్ ఊరికే తిరుగుతూ గంటకు సుమారు 600 మిల్లీలీటర్లు తాగుతుందనుకుందాం. మీ ఇంజన్ రోజుకు మొత్తం పది నిమిషాలు ఆగితే 100 మిల్లీలీటర్లు మిగిలినట్టు, అంటే పదకొండు రూపాయలు. నెలకు 25 రోజులకు 275 దాకా. ఎండాకాలంలో ఇందులో సగం కూడా రాదు. హైదరాబాదులో ఆఫీసుకు వెళ్లివచ్చేవారికి ఏడాదికి రెండు మూడు వేలు కనిపిస్తాయి. ఊళ్ల మధ్య హైవే మీద తిరిగేవారికి దాదాపు ఏమీ రాదు. ఖరీదైన బ్యాటరీ ఖర్చు ఇందులోంచి తీసేస్తే డబ్బుల్లో మిగిలేది కొద్దే. సిగ్నల్ దగ్గర వందల బండ్ల పొగ తగ్గడం మాత్రం అక్కడ నిలబడే ట్రాఫిక్ పోలీసుకూ, పక్కనే స్కూటరు మీద ఉన్నవారికీ నిజమైన లాభం. పది సెకన్లకు మించి ఆగేటప్పుడు ఇంజన్ ఆపడమే పొదుపు. అంతకన్నా తక్కువైతే ఆపి లేపడంలో లాభం లేదు.

సెల్ఫ్ సంగతికి భయం లేదు. ఈ కార్లలో సెల్ఫ్ మోటారు, దాని పళ్లు, ఇంజన్ బేరింగులు ఎన్నో రెట్లు ఎక్కువ స్టార్టులకు తట్టుకునేలా చేసినవి. పైగా సిగ్నల్ దగ్గర లేచే ఇంజన్ వేడిగా ఉంటుంది, ఆయిల్ భాగాల మీదే ఉంటుంది. ఎక్కువ అరుగుదల పొద్దున చల్లటి ఇంజన్ లేచేటప్పుడే. 2015లో సియాజ్ డీజిల్‌తో వచ్చిన మారుతీ ఎస్‌హెచ్‌వీఎస్ (ఇంజన్‌కు చిన్న మోటారు తోడుండే మైల్డ్ హైబ్రిడ్) వంటివాటిలో సిగ్నల్ దగ్గర లేపేది సెల్ఫ్ పళ్లు కాదు, బెల్టు. కుదుపూ చప్పుడూ చాలా తక్కువ. అలాంటివాటిలో సర్వీసుకు వెళ్లినప్పుడల్లా ఆ బెల్టునూ, దాన్ని బిగువుగా ఉంచే టెన్షనరునూ చూపించండి. లేచేటప్పుడు కీచుమంటే ఆలస్యం చేయకండి.

ప్రశ్న: తిరుమల ఘాట్‌లో, వాన నీళ్లు నిలిచిన రోడ్డు మీద దీన్ని ఆన్‌లో ఉంచవచ్చా? (తిరుపతి)

రెండు చోట్లా ఆపేయండి. బటన్ ఉన్నది ఇందుకే.

ఘాట్ ఎక్కేటప్పుడు ఇంజన్, దానిలోకి గాలిని నెట్టే టర్బో బాగా కాగి ఉంటాయి. బరువుతో ఎక్కి వచ్చిన టర్బో ఇంజన్ మలుపు దగ్గర హఠాత్తుగా ఆగితే టర్బో బేరింగుకు ఆయిల్ ప్రవాహం ఆగుతుంది. కంపెనీలు దీనికి ఏర్పాట్లు చేసినా, ఇంజన్‌ను ఓ నిమిషం ఊరికే తిరగనివ్వడమే మంచిది. హైవే మీద గట్టిగా నడిపి టోల్ దగ్గరో దాబా దగ్గరో ఆగేటప్పుడూ అంతే. దిగేటప్పుడు, బ్రేకు తొక్కడం తేలిక చేసే బూస్టరులో వ్యాక్యూమ్ తగ్గితే ఇంజన్ దానంతట అదే లేస్తుంది, బ్రేకులు పోవు. అయినా వాలులో ఆ ఆగడం లేవడం ఎందుకు?

నీళ్లలో సంగతి ఇంకా గట్టిగా చెప్పాలి. ఇంజన్ నడుస్తున్నంతసేపు పొగ నీటిని సైలెన్సరులోంచి బయటికి నెడుతుంది. నీళ్ల మధ్య ఆగితే నీరు గొట్టంలోకి వస్తుంది. ఆపైన కంప్యూటరు తనంతట తాను ఇంజన్ లేపుతుంది. అప్పటికే గాలి పీల్చే గొట్టంలోకి నీరు చేరి ఉంటే పిస్టన్ నీటిని నొక్కలేక కనెక్టింగ్ రాడ్ వంగుతుంది. నీళ్లు కనిపించగానే, బండి వాటిలోకి దిగకముందే బటన్ నొక్కండి.

పెట్రోలు బంకులో ఇంజన్ చప్పుడు లేదు కదా అని అలాగే దిగకండి. ఇగ్నిషన్ ఆన్‌లోనే ఉంది. తాళమో పుష్ బటనో పూర్తిగా ఆపేయండి. సీటు బెల్టు తీసి తలుపు తెరిచాక చాలా కార్లలో క్లచ్ తొక్కినా ఇంజన్ లేవదు. మామూలుగానే స్టార్ట్ చేయాలి.

ప్రశ్న: స్కూటరులోనూ ఇదే ఉంది. స్విచ్ ఆన్‌లో ఉంచాలా? (రాజమహేంద్రవరం)

పెద్ద సిగ్నళ్లున్న దారిలో ఉంచండి. ఆగి ఉన్నప్పుడు చిన్న లైటు వెలుగుతుంటే ఇంజన్ నిద్రలో ఉన్నట్టే, ఎక్స్‌లేటర్ కాస్త తిప్పితే లేచి బండి కదులుతుంది. ముందు నిలబడిన పిల్లలు హ్యాండిల్ తిప్పితే ప్రమాదం. అందుకే ఆపి దిగేటప్పుడు ప్రతిసారీ తాళం తిప్పేయండి. కొద్ది దూరాలే తిరిగే స్కూటరులో బ్యాటరీ చార్జీ తక్కువగా ఉంటే స్విచ్ ఆన్‌లో ఉన్నా ఇంజన్ ఆగదు. గంటసేపు నడిపి చూసి, అప్పటికీ ఆగకపోతే బ్యాటరీ పరీక్ష చేయించండి.