హీరో వేషం లేకుండా గొప్ప నటుడు కావచ్చా?

కథానాయకుడి పాత్రల జోలికి పోకుండా, క్యారెక్టర్ ఆర్టిస్టుగానే గొప్పవాడనిపించుకున్న బ్రిటిష్ నటుడు ఎవరైనా ఉన్నారా అని అడిగారు. ఉన్నారు, ఆయన పేరు పీట్ పోసల్‌త్వేట్. రెండో పేరు వెతకవలసిన పని లేదు.

1946లో వారింగ్టన్‌లో పుట్టిన ఆయన, కొంతకాలం పిల్లలకు పాఠాలు చెప్పి, లివర్‌పూల్ ఎవ్రీమన్ నాటకశాలలో రాటుదేలారు. 1993లో 'ఇన్ ది నేమ్ ఆఫ్ ది ఫాదర్'లో, తనకంటే 11 ఏళ్ళే చిన్నవాడైన డేనియల్ డే-లూయిస్‌కు తండ్రిగా నటించి ఆస్కార్ నామినేషన్ పొందారు. ఆ మరుసటి ఏడాదే 'షార్ప్' టీవీ చిత్రాల్లో, టోపీలోకి చూస్తూ తల్లితో మాట్లాడే పరమ నీచుడైన సార్జెంటు హేక్స్‌విల్‌గా కనిపిస్తే, ఆ సాత్వికుడైన తండ్రీ ఈ నీచుడూ ఒకే మనిషంటే నమ్మబుద్ధి కాదు.

నా ఓటుకు అసలు కారణం మాత్రం 1996 నాటి 'బ్రాస్డ్ ఆఫ్'. యార్క్‌షైర్‌లో మూతపడబోతున్న బొగ్గుగని కార్మికుల బ్యాండు కథ అది. బొగ్గు దుమ్ముతో ఊపిరితిత్తులు పాడై ఆసుపత్రిలో పడి ఉన్న బ్యాండు నాయకుడు డానీ కోసం, ఆయన మనుషులు రాత్రివేళ హెల్మెట్ లైట్లు వెలిగించుకుని ఆవరణలో నిలబడి వాయిస్తారు. గోదావరిఖనిలో భూగర్భ గనిలో పనిచేసి రిటైరైన మా నాన్నతో కలిసి ఆ సినిమా చూశాను. ఇంగ్లీషు సంభాషణలు ఆయనకు పెద్దగా అర్థం కాలేదు గానీ, డానీ దగ్గు వినగానే ముందుకు వంగి, "ఈయన నిజంగ బాయిల దిగినోడేనా బిడ్డా?" అని అడిగారు. కాదంటే చివరిదాకా నమ్మలేదు. ఆ సంవత్సరం అవార్డులు ఎవరికి దక్కాయో గానీ, అంతకు మించిన ప్రశంసాపత్రం మరొకటి ఉంటుందనుకోను.

ఇంతటి నటుడి పేరు మనవాళ్ళలో చాలామందికి తెలియకపోవడానికి సగం తప్పు టీవీ చానళ్ళదే. సినిమా ముగియీ ముగియకముందే పేర్లు కోసేసి ప్రకటనలు వేస్తే, హీరో తప్ప మిగిలినవారు ఎవరికి గుర్తుంటారు? 'జురాసిక్ పార్క్' రెండో భాగంలోని వేటగాడు రోలండ్ అందరికీ గుర్తే, ఆ వేషం వేసిందెవరో అడిగితే మాత్రం దిక్కులు చూస్తారు.

2008లో అదే ఎవ్రీమన్‌కు తిరిగి వెళ్ళి కింగ్ లియర్‌గా నటించారు. 2010లో 'ది టౌన్'లో పూలకొట్టు నడిపే ముఠానాయకుడిగా, 'ఇన్సెప్షన్'లో మరణశయ్య మీది కోటీశ్వరుడిగా కనిపించి, 2011 జనవరి 2న కన్నుమూశారు. ఆ రెంటిలోనూ ఆయన తెరమీద ఉండేది కాసేపే. అయినా 'ది టౌన్'లో నాకు గుర్తున్నది ఆ పూలకొట్టే.