క్యాజువాలిటీ నుంచి బ్రిటన్‌కు: విశాఖ హౌస్ సర్జన్‌కు జవాబు

ప్రశ్న: విశాఖ కేజీహెచ్‌లో (కింగ్ జార్జ్ హాస్పిటల్) హౌస్ సర్జన్‌ని. బ్రిటన్‌లో ఎమర్జెన్సీ వైద్యుడిగా స్థిరపడి అంబులెన్స్‌లో వైద్యం చేసే పారామెడిక్‌లకు పాఠాలు చెప్పాలని ఉంది. మా బావ 108లో టెక్నీషియన్. ఆయన కూడా రావచ్చా?

జవాబు: "క్యాజువాలిటీ డ్యూటీకి కూడా స్పెషలైజేషనా?" అని ఇంట్లో ఈపాటికి అడిగే ఉంటారు. మన వైద్య మండలి ఎమర్జెన్సీ మెడిసిన్‌ను ప్రత్యేక శాఖగా గుర్తించిందే 2009లో. నేనున్న ఈ బ్రిటన్ ప్రభుత్వ ఆసుపత్రుల్లో గుండె డాక్టరుకూ ఎమర్జెన్సీ కన్సల్టెంటుకూ (సీనియర్ స్పెషలిస్టు) జీతం స్కేలు ఒకటే. రాత్రి డ్యూటీలు, పండగ డ్యూటీలు మాత్రం మన ఎమర్జెన్సీ వాళ్లకే ఎక్కువ. సంబంధాలు చూసే పెద్దలకు ఆ ముక్క కూడా చెప్పండి.

ఎంబీబీఎస్‌తో వచ్చేవాళ్లకు తెలిసిన దారి ప్లాబ్, అంటే విదేశీ డాక్టర్లకు బ్రిటన్ పెట్టే అర్హత పరీక్ష. మొదటి భాగం మన దేశంలోనే రాయవచ్చు, రెండోదానికి మాంచెస్టర్ రావాలి. ఇంగ్లిష్ పరీక్ష ఐఈఎల్‌టీఎస్ అయితే మొత్తం మీద 7.5, ఏ విభాగంలోనూ 7కు తగ్గకూడదు. ఇదంతా గట్టెక్కినా ఉద్యోగం చేతికొచ్చే రోజులు కావివి. ప్లాబ్ పాసై, అద్దె గదిలో కూర్చుని దరఖాస్తులు పంపుతున్న మనవాళ్లు చాలామందే ఉన్నారు. అందుకని నా సలహా వేరు. అక్కడే ఎమర్జెన్సీలో ఎండీ చేస్తూ ఎంఆర్‌సీఈఎం (బ్రిటన్ ఎమర్జెన్సీ మెడిసిన్ రాయల్ కాలేజీ సభ్యత్వం) పరీక్షలు పూర్తిచేయండి. ఆ అర్హతతో ప్లాబ్ లేకుండానే జీఎంసీ (బ్రిటన్ వైద్య మండలి) రిజిస్ట్రేషన్‌కు దరఖాస్తు చేసుకోవచ్చు. పైగా అనుభవం ఉన్నవాళ్ల దరఖాస్తునే ముందు తెరిచి చూస్తారు.

ఇక పాఠాలు చెప్పే సంగతి. ఇక్కడ అంబులెన్స్ వాళ్లు తీవ్ర గాయాలైన మనిషిని తెచ్చినప్పుడు, గుండె ఆగిపోవడం, ఊపిరి ఆడకపోవడం వంటివైతే తప్ప ముందుగా ఎవరూ చేయి వేయరు. పారామెడిక్ మంచం కాళ్లవైపు నిలబడి నిమిషంలోపు చెబుతుంది: వయసు, ఎప్పుడు జరిగింది, ఎలా జరిగింది, దెబ్బలెక్కడ, నాడి, బీపీ ఎంత, దారిలో ఏం ఇచ్చారు. కన్సల్టెంటు సహా అందరూ నోరు మూసుకుని వింటారు. మన దగ్గర చాలాచోట్ల 108 టెక్నీషియన్ కాగితం చాపితే, చదవకుండానే సంతకం గీకి పంపేస్తారు. ఆ అలవాటుతో విమానం ఎక్కితే ఇక్కడ మీకు బోధించే పని ఎవరూ ఇవ్వరు.

బ్రిటన్ పారామెడిక్‌లు చాలా మందులు డాక్టరును అడగకుండా సొంత బాధ్యతమీదే ఇస్తారు. అమెరికాలోనైతే మెడికల్ డైరెక్టర్ అనే డాక్టరు రాసిన ప్రోటోకాల్ ప్రకారం నడుస్తారు. కాబట్టి ఇక్కడ "ఇది ఇవ్వండి" అని చెబితే సరిపోదు, ఎందుకివ్వాలో, ఎప్పుడు ఇవ్వకూడదో చర్చించాలి. లిఫ్టులో ఇరుక్కున్న గర్భిణికి పురుడు పోసినవాళ్లు మీ తరగతిలో కూర్చుని ఉండవచ్చు, తెలియనిది తెలిసినట్టు చెబితే క్షణంలో పట్టేస్తారు. శిక్షకులు కావడానికి మొదటి మెట్టు ఏఎల్ఎస్ (గుండె ఆగిన మనిషిని బతికించే అడ్వాన్స్‌డ్ లైఫ్ సపోర్ట్) కోర్సు. అందులో బాగా రాణించినవాళ్లను శిక్షకులుగా సిఫారసు చేస్తారు. తర్వాత ఇన్‌స్ట్రక్టర్ కోర్సు, సీనియర్ల కళ్లముందు బోధన, ఆపైనే పూర్తిస్థాయి శిక్షకులు. హెలికాప్టర్ అంబులెన్స్ ఎక్కాలని ఉంటే ప్రీ హాస్పిటల్ ఎమర్జెన్సీ మెడిసిన్ (ఆసుపత్రికి చేరకముందే చేసే వైద్యం) అనే ఉపశాఖ ఉంది, దానికి 2011లో గుర్తింపు వచ్చింది. పోటీ విపరీతం.

మీ ఊళ్లో మీకు దొరికే పాఠం ఇక్కడ చాలామందికి దొరకదు. ఓడరేవు, రిఫైనరీ, ఉక్కు కర్మాగారం ఒకే ఊళ్లో ఉన్నాయి. 2020 మే 7న ఆర్.ఆర్. వెంకటాపురంలో స్టైరీన్ ఆవిరి లీకయినప్పుడు వందలమందిని ఆసుపత్రులకు తరలించారు. ఆ రోజు డ్యూటీలో ఉన్న సీనియర్లను, నర్సులను పట్టుకోండి: ముందు ఎవరిని చూశారు, బట్టలెక్కడ మార్పించారు, ఆక్సిజన్ ఎలా సర్దారు? రోగుల పేర్లు లేకుండా రాసుకోండి. అలాగే అనుమతి తీసుకుని బావతో కొన్ని రోజులు 108లో తిరగండి. ఇరుకు సందులోంచి స్ట్రెచర్ బయటికి తెచ్చే పాట్లు చూసినవాడు ఇంటర్వ్యూలో వేరేగా మాట్లాడతాడు.

బావగారి విషయం కష్టం. ఇక్కడ పారామెడిక్‌ల వంటి ఆరోగ్య వృత్తులవాళ్లను నమోదుచేసే హెచ్‌సీపీసీ రిజిస్టర్‌లో పేరు లేనిదే పారామెడిక్‌నని చెప్పుకోవడం నేరం. కొత్తగా చేరేవాళ్లకిప్పుడు డిగ్రీ స్థాయి చదువు ఉంటుంది. విదేశీ అర్హతలను దానితో పోల్చి చూస్తారు, తక్కువైతే తిరస్కరించవచ్చు. స్వల్పకాలిక శిక్షణ మాత్రమే ఉంటే నెగ్గడం అసాధ్యమనే చెప్పాలి. "నేరుగా పంపిస్తాం" అనే ఏజెంటుకు రూపాయి ఇవ్వవద్దనండి. ఆసక్తి ఉంటే అక్కడే అత్యవసర వైద్య సాంకేతికతలో డిగ్రీ చదివి, అక్కడే శిక్షకుడు కావడం మెరుగు.

చివరగా ఒక కాగితం పని. మన మెడికల్ కౌన్సిల్ ఇచ్చే గుడ్ స్టాండింగ్ పత్రం (మీ మీద చర్యలేవీ లేవని చెప్పేది) జీఎంసీకి మూడు నెలలే చెల్లుతుంది. తక్కినవన్నీ సిద్ధమయ్యాకే దానికి దరఖాస్తు పెట్టండి.