షాపు అద్దె కోర్టులో పడుతోంది, ఈఎంఐ ఎలా కట్టాలి?

గుంటూరు నుంచి ఒకాయన రాశారు. 2022 మేలో ప్రోనోటు మీద 5 లక్షలు తీసుకున్నారు, నూటికి రెండు రూపాయల వడ్డీ. అప్పిచ్చినాయన 2025 ఏప్రిల్లో దావా వేసి అసలూ, 35 నెలల వడ్డీ కలిపి ఎనిమిదిన్నర లక్షలు రావాలన్నాడు, పనిలో పనిగా ఒక ఐఏ (కేసు తేలకముందే వేసే మధ్యంతర పిటిషన్) కూడా వేసి, ఈయన షాపు అద్దె 28,000 ఈయన చేతికి రాకుండా కోర్టులో డిపాజిట్ అయ్యేలా ఆర్డర్ తెచ్చుకున్నాడు. ఆ షాపు మీదే బ్యాంకు లోను, ఈఎంఐ 19,400. "అద్దెకున్నతను మంచోడే, సగం గుట్టుగా నా చేతికిస్తానంటున్నాడు, తీసుకోవచ్చా?" అన్నది ప్రశ్న.

వద్దండీ బాబూ. ఆ ఆర్డర్ ఇంజంక్షన్ (ఫలానా పని చెయ్యొద్దన్న కోర్టు నిషేధం) అయితే, దాన్ని కాదని నడిస్తే ఆస్తి జప్తు చెయ్యొచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైలు కూడా ఉంది, పైగా పాపం అతను అదే అద్దె కోర్టుకి రెండోసారి కట్టాల్సి రావచ్చు. కోర్టులో కట్టినందుకు బాకీ పడ్డావని అతన్ని ఖాళీ చెయ్యమనకండి కూడా.

ఆ డబ్బు అప్పిచ్చినాయన జేబులోకి పోలేదు, తీర్పు దాకా కోర్టు దగ్గర ఉంటుందంతే. అయితే ఊరికే పడుంటే వడ్డీ రాదు, అందుకే జాతీయ బ్యాంకులో ఎఫ్‌డీ చెయ్యమని ఒక పిటిషన్ పెట్టించండి. ఇంకోటి, చేతికి రాకపోయినా అది మీ అద్దె ఆదాయమే, రిటర్న్‌లో చూపించాలి, చాలామంది ఇక్కడే బోల్తా పడతారు.

అసలు విషయానికొస్తే, నరసరావుపేట దగ్గర 180 గజాల ఖాళీ స్థలం ఉందని మీరే రాశారు కదా, రూపాయి ఆదాయం లేని దాన్ని హాయిగా వదిలేసి నెలనెలా అన్నం పెట్టేదాన్ని కట్టేయించుకుని కూర్చున్నారు! ఈసీ (స్థలం మీద అప్పులు, లావాదేవీలు చూపే సర్టిఫికెట్), మార్కెట్ వాల్యూ సర్టిఫికెట్ తీయించి, ఆ స్థలం సెక్యూరిటీగా ఇస్తాం, అద్దె వదలండి అని అడగమనండి లాయర్ గారిని. విలువ 8.5 లక్షలు దాటాలి, కేసు తేలేదాకా అమ్ముకోలేరు, అది మాత్రం ఇంట్లో అందరికీ ముందే చెప్పండి. అలాగే మీరు ఆస్తి అమ్మేసి అప్పు ఎగ్గొట్టాలని చూస్తున్నట్టు అవతలాయన ఏమైనా చూపించాడా అని కూడా అడగండి, ఎందుకంటే హామీ లేని అప్పుని హామీ ఉన్న అప్పుగా మార్చుకోడానికి తీర్పుకి ముందు జప్తు (మీ అద్దె ఆపినట్టు ఆస్తినో రాబడినో ముందే కట్టేయించడం) వాడకూడదని సుప్రీంకోర్టు 2008లోనే చెప్పింది.

ఇక లెక్క. 22 నెలలు ఫోన్‌పేలో పదేసి వేలు పంపారు, ఆరు నెలలు క్యాష్ ఇచ్చారు, ప్రోనోటు వెనక ఒక్క చెల్లూ రాయించుకోలేదు (నా క్లయింట్లలో ఈ తప్పు చెయ్యనివాళ్ళని వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు). క్యాష్ రుజువు కష్టం, మర్చిపోండి. ఫోన్‌పేవి 2.2 లక్షలకి బ్యాంకు స్టేట్‌మెంట్ తీస్తే దావా రోజుకి బాకీ 6.3 లక్షలు. అంటే మీ ఇద్దరి మధ్యా గట్టిగా తగాదా ఉన్నది ఆ 2.2 లక్షల మీదే, దానికోసం ఏళ్ళు తిరిగే బదులు లోక్ అదాలత్‌లో కూర్చుంటే అప్పిచ్చినాయన కట్టిన కోర్టు ఫీజు కూడా వెనక్కొస్తుంది, కాబట్టి అతనికీ ఆశ ఉంటుంది.

ఈలోపు ఈఎంఐ మాత్రం ఆపకండి. మీ 1.2 లక్షల ఎఫ్‌డీ తీసెయ్యండి, ఆరు నెలలు గడుస్తుంది. తర్వాతి వాయిదా ఎప్పుడో రాయలేదు మీరు, స్థలం సెక్యూరిటీగా ఇచ్చి అద్దె వదలమనే మీ ఐఏ దానికి ముందే పడాలి.