డాబా మీది ఉపన్యాసం గురించి మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి,

మామయ్య ఆశీస్సులు. నువ్వు పంపిన స్క్రిప్టు రెండుసార్లు చదివాను. భౌతికశాస్త్రం ఎమ్మెస్సీ మధ్యలో వదిలేసి సినిమాల్లోకి వస్తానన్న నీ మాట కన్నా, అందులో నాయకుడు పన్నెండు పేజీల పాటు డాబా మీద నిలబడి ఆత్మ గురించి మాట్లాడటమే నన్ను ఎక్కువ కలవరపెట్టింది. నీ వయసులో నేనూ అలాంటిదొకటి రాశాను. అది ఇప్పటికీ ట్రంకుపెట్టెలోనే ఉంది.

పోలెండు దర్శకుడు క్షిష్టోఫ్ జానుస్సీ నడిచిన దారి ఒకసారి చూడు. 1939లో వార్సాలో పుట్టిన ఆయన, అక్కడి విశ్వవిద్యాలయంలో భౌతికశాస్త్రమూ క్రాకోలో తత్త్వశాస్త్రమూ చదివి, 1966లో వూచ్ ఫిల్మ్ స్కూల్ నుంచి బయటికి వచ్చాడు. చదివినదేదీ వృథా పోనివ్వలేదు. 1969లో తీసిన ‘స్ట్రక్చర్ ఆఫ్ క్రిస్టల్’లో ఇద్దరు పాత స్నేహితులూ భౌతికశాస్త్రవేత్తలే. ఒకడు విదేశాలు తిరిగి పేరు తెచ్చుకున్నాడు, మరొకడు మారుమూల వాతావరణ కేంద్రం చూసుకుంటూ స్థిరపడ్డాడు. పేరున్నవాడు మంచుకాలంలో చుట్టపుచూపుగా వచ్చి రెండోవాణ్ణి వెనక్కి రమ్మని ఒప్పించబోతాడు. మనిషి ఎలా బతకాలన్న ప్రశ్న మొత్తం ఆ నాలుగు రోజుల ఆతిథ్యంలోనే ఇమిడిపోయింది.

1973లో వచ్చిన ‘ఇల్యుమినేషన్’ను మాత్రం కాగితం, కలం దగ్గర పెట్టుకుని చూడు. మొదట్లోనే తతార్కెవిచ్ అనే నిజమైన తత్త్వవేత్త తెర మీదికి వచ్చి, ప్రాచీన క్రైస్తవ తత్త్వవేత్త సెయింట్ అగస్టీన్ చెప్పిన జ్ఞానప్రకాశం అంటే ఏమిటో వివరిస్తాడు. ఇది ఉపన్యాసం కాదా అని నువ్వు అడుగుతావని తెలుసు. ఉపన్యాసమే, కానీ దాన్ని జీవితమంతా ఆ విషయం చదివిన మనిషే ఇస్తున్నాడు, కథానాయకుడు కాదు. కథానాయకుడి వాటాకు మిగిలినవి చదువు, కొండల్లో స్నేహితుడి మరణం, పెళ్లి, బిడ్డ, డబ్బుకు కటకట, కొన్నాళ్లు మఠవాసం, చివరికి గుండెజబ్బు. లొకార్నో చలనచిత్రోత్సవంలో గోల్డెన్ లెపర్డ్ బహుమతి గెలిచిన ఆ చిత్రంలో నేను అన్నిటికన్నా మెచ్చుకునేది ఈ పంపకాన్నే.

ముగింపు విషయంలో నీ తొందర కూడా నాకు నచ్చలేదు. కాన్ చలనచిత్రోత్సవంలో జ్యూరీ బహుమతి పొందిన ‘కాన్‌స్టాంట్ ఫ్యాక్టర్’ (1980)లో, అక్రమానికి ఒప్పుకోనందుకు ఎంతో ఆశపడ్డ హిమాలయ యాత్ర పోగొట్టుకున్న యువకుడు ఎత్తైన భవనాల మీద పనికి కుదురుతాడు. చివర్లో పైనుంచి గోడ పెళ్ల రాలుతుంటే కింద ఒక పిల్లవాడు పరుగెత్తుకొస్తుంటాడు. మంచివాడి చేతి నుంచి కూడా ఏం జరగవచ్చో చూపించి, ఆ మీదట ఒక్క మాట కూడా చెప్పకుండా దర్శకుడు తప్పుకుంటాడు.

కాబట్టి ముందు ఎమ్మెస్సీ పూర్తి చెయ్యి. నీ ప్రయోగశాలలో ఎవరు ఎవరి పేరు మీద పరిశోధనాపత్రం వేసుకుంటున్నారో రోజూ ఒక పేజీ రాసుకో. ఆ డాబా దృశ్యం తీసేసి, నాయకుడి ముందు అతను సంతకం పెట్టకూడని కాగితం ఒకటి పెట్టు, ఇంటి అద్దె ఎంతో కూడా చెప్పు. సంక్రాంతికి వచ్చేటప్పుడు ఆ ఒక్క దృశ్యమే, మూడు పేజీలు దాటకుండా, తీసుకురా.

మీ మామయ్య